పాండా నల్ల వెంట్రుకలు

పాండా బొమ్మను చూస్తే లోకమంతటికీ ముద్దొస్తుంది. నాకు మాత్రం మొహం ఎక్కడ దాచుకోవాలా అనిపిస్తుంది. ఇప్పుడు మా ఇంట్లో పిల్లల సంచుల మీద అదే, నీళ్ళ సీసాల మీద అదే, చెప్పుల మీద, దుప్పట్ల మీద అదే. ఎవరి పుట్టినరోజు వచ్చినా ఎవరో ఒకరు దాన్నే చంకన పెట్టుకొని వస్తారు. మా మునిమనవరాలు దాన్ని తెచ్చి నా ఒళ్ళో కూర్చోబెడితే, పొయ్యి మీద పాలు మరిచిపోయినదానిలా లేచి లోపలికి పోతాను. ముసలిదానికి గుడ్డబొమ్మంటే భయమని ఇంటిల్లిపాదీ నవ్వుతారు. నవ్వనీ. భయం కాదది, సిగ్గు. ఇన్నేళ్ళయినా చావని సిగ్గు.

నిజాం కాలంలో మా ఇబ్రహీంపట్నంలో పుట్టిన పిల్లలకు తెలిసిన ఎలుగుబంటి వేరు. పంటలు ఇళ్ళకు చేరాక ఎలుగును ఆడించేవాళ్ళు వచ్చేవారు. దాని ముక్కుకు తాడు, కాలికి గజ్జె. అది వాకిట్లోకి వచ్చిందంటే చాలు, వీధిలోని ఆడవాళ్ళంతా బుగులు పట్టిన పిల్లలను ఎత్తుకొని పరుగెత్తుకొచ్చేవారు. పిల్లవాడు దేన్నో చూసి బెదిరిపోయి, నిద్రలో ఉలిక్కిపడుతూ, తిండి మానేసి చిక్కిపోతే దాన్ని మావాళ్ళు బుగులు అంటారు. హకీము ఇచ్చే పొడి దానికి పనిచేయదు. ఎలుగు వీపు మీద కూర్చోబెట్టి వాకిలంతా తిప్పాలి. తర్వాత దాని వెంట్రుక ఒకటి పీకి తాయెత్తులో పెట్టి నల్లదారంతో మెడలో కట్టాలి. అడవిలో ఎలుగు దేనికీ భయపడదు కాబట్టి దాని వెంట్రుక మెడలో ఉన్న పిల్లకూ భయం ఉండదని నమ్మకం. ఇంతే. ఎలుగుబంటిని ముద్దు చేయడం, పక్కలో పెట్టుకొని పడుకోవడం మేం కలలో కూడా ఎరగం. మాకు చెప్పిన కథల్లో అది అన్నం తినని పిల్లలను ఎత్తుకుపోవడానికే వచ్చేది.

నాకు పదేళ్ళు దాటినప్పుడు మా ఊరికి కొత్త తహసీల్దారు వచ్చాడు. ఆయనకు ఒక్కతే కూతురు, నా ఈడుదే. వాళ్ళు పరదా పాటించే తురకలు. ఆ పిల్ల గడప దాటడానికి లేదు, ఆడుకోవడానికి తోడు లేదు. మా బాపు భూముల పని మీద కచేరీకి పోయి వస్తుండేవాడు. ఆ పరిచయంతో తహసీల్దారు భార్య నన్ను పిలిపించింది. వాళ్ళది ఉర్దూ, నాది తెలుగు. గచ్చకాయలు ఆడడానికి ఏ భాషయితే ఏం? ఏడాది తిరిగేసరికి నేను ఉర్దూలో పోట్లాడడం కూడా నేర్చాను.

తహసీల్దారుకు మళ్ళీ బదిలీ అయ్యేలా ఉందన్నారు. ఈసారి నిజాం ఉండే పట్నమే. అక్కడ కూతుర్ని ఆడపిల్లల బడిలో వేస్తామని, ఒంటరిగా పోనని ఆ పిల్ల మంకుపట్టు పట్టిందని, నన్ను కూడా తీసుకుపోయి తమ ఇంట్లోనే ఉంచుకొని చదివిస్తామని ఆ తల్లి బాపుకు కబురు చేసింది. మా ఇంట్లో పెద్ద గొడవే జరిగింది. బాబాయిలు ఇంతెత్తున లేచారు. నాకు బడంగ్‌పేట సంబంధం అప్పటికే వచ్చి ఉంది, ఒప్పుకోవడమే తరువాయి. బాపు రోజులకొద్దీ నానబెట్టి చివరికి సరేనన్నాడు. "పోనీ, జర సదువుకోనియ్యిరి. పెండ్లి యాడికి పోతది" అన్నాడు. అంటే పట్నం పోతే బడి, పోకపోతే బడంగ్‌పేట. నాకది బాగా తెలుసు. నా ప్రాణమంతా ఆ బదిలీ మీదే ఉంది.

అలాంటి రోజుల్లో వాళ్ళింటికి పాండా వచ్చింది. ఆ పిల్ల మేనమామ విలాయతులో చదువుతూ, రెండో ప్రపంచయుద్ధం మొదలుకాక ముందే ఎవరి చేతికో ఇచ్చి పంపాడు. బొమ్మతోపాటు ఒక బొమ్మల పుస్తకం. అక్కడివాళ్ళకు అప్పుడు పాండా పిచ్చి పట్టుకుందట. చైనా కొండల్లోంచి పట్టి ఓడలో తెచ్చిన పాండాను చూడడానికి జనం తోసుకున్నారట. ఏ దుకాణంలో చూసినా దాని బొమ్మలేనట. ఆ పుస్తకంలో పాండా మెడకు గుడ్డ కట్టుకొని బల్ల ముందు కూర్చుంటుంది, పాలు ఒలకబోసి తిట్లు తింటుంది, టోపీ పెట్టుకొని షికారు పోతుంది. నా స్నేహితురాలు వచ్చీరాని ఇంగ్లీషులో కూడబలుక్కొని ఉర్దూలో చెప్పేది. ఎలుగుబంటి కుర్చీ ఎక్కి పాలు తాగడం చూసి నేను పడిపడి నవ్వాను. కానీ ఆ బొమ్మను చేతుల్లోకి తీసుకున్నప్పుడు మాత్రం నా నవ్వు ఆగిపోయింది. అంత మెత్తని వస్తువును నేనంతవరకు ముట్టుకోలేదు. చెవులు, కాళ్ళు, చేతులు, కళ్ళచుట్టూ నల్లగా నిగనిగలాడే వెంట్రుకలు. మిగతా ఒళ్ళంతా తెలుపు. వదలబుద్ధి కాలేదు.

కొన్నాళ్ళకు వాళ్ళు పట్నంలో పెళ్ళికి పోవలసి వచ్చింది. పెట్టెల మధ్య పడి బొమ్మ నలిగిపోతుందని ఆ పిల్ల దాన్ని నా చేతిలో పెట్టింది. తల్లి పాన్‌దాను ముందు కూర్చొని చూస్తూ, ఈ బొమ్మను భద్రంగా చూసుకుంటే పట్నంలో నీ వస్తువులు నువ్వు చూసుకోగలవని నమ్ముతానంది. ఆమె నవ్వుతూ అన్న మాటే. నేను మాత్రం దాన్ని పరీక్ష అనుకున్నాను.

ఇంటికి తెచ్చానో లేదో వాడకట్టంతా మా అరుగు మీదే ఉంది. తెచ్చినదాన్ని తెచ్చినట్టు ఉట్టి మీద పెడితే పోయేది. లేదు, నాకు చూపించుకోవాలి. నలుగురి మధ్యా కూర్చొని పాండా కథ మొదలుపెట్టాను. వెదురు బొంగులు తింటుందంటే ఎవరూ నమ్మలేదు, జొన్నసొప్ప తింటుందని మార్చాను. కళ్ళచుట్టూ నలుపు చూసి, దిష్టి తగలకుండా కాటుక పెట్టారు కాబోలు, ఎంత అపురూపంగా పెంచుకున్నారో అని మా నాయనమ్మ అంది. అది మనిషిని చూస్తే మీద పడుతుందా అని ఎవరో అడిగారు. నేను కోతలు కోశాను. మంచుకొండల్లో ఒంటరిగా ఉంటుందన్నాను. పులి వచ్చినా లేవదన్నాను. పిడుగు పడినా తినడం ఆపదన్నాను. లోకంలో ఉన్న ఎలుగులన్నిటికీ ఇదే రాజన్నాను. నా మాటకు అంతమంది నోళ్ళు తెరుచుకొని వినడం అదే మొదటిసారి.

పెద్దయ్యాక, కళ్ళజోడు పెట్టుకొని పత్రికలు తిరగేసే రోజుల్లో, పాండాల గురించి అడవులు తిరిగినవాళ్ళు రాసింది చదివాను. అదంత పిరికిది ఇంకొకటి ఉండదనిపించింది. చిన్న అలికిడి అయితే చాలు పొదల్లోకి జారుకుంటుందట, పిల్లలైతే చెట్టెక్కి కూర్చుంటాయట. పుట్టినప్పుడు పిల్ల ఎలుకంత ఉంటుందట. వేటగాళ్ళు తల్లి దగ్గర్నుంచి పిల్లలను ఎత్తుకుపోయి ఓడలెక్కించారట. మా ఊరికి వచ్చే ఎలుగును కూడా అలాగే పిల్లప్పుడే తల్లి నుంచి తెచ్చేవారు. దానికి ముక్కుతాడు, దీనికి మెడకు గుడ్డ, బల్ల ముందు పాలు. ఏది నిజంగా ధైర్యం గలదో, దేని వెంట్రుకకు ఏ బలం ఉందో నాకప్పుడేం తెలుసు?

నేను గొప్పలు చెప్పిన ఆ రోజుల్లోనే మా తమ్ముడికి బుగులు పట్టి ఉంది. మూడేళ్ళవాడు. పక్కింటివాళ్ళ కోడె తాడు తెంపుకొని వాడి మీదికి వచ్చింది. తగలలేదు కానీ వాడు అప్పట్నుంచి మాట్లాడడం మానేశాడు. అన్నం పెడితే కక్కేవాడు. అమ్మ ఏడుస్తూ కూర్చునేది. ఎలుగును ఆడించేవాళ్ళు రావడానికి ఇంకా పంటలే కోతకు రాలేదు. హకీము పొడులు అయిపోయాయి. వాడి చేతులు పుల్లల్లా అయిపోయాయి.

అంతలో బొంగులూరులో మా మేనత్తకు పురుడొస్తే, బాపు నన్ను వెంటబెట్టుకుపోయాడు. పోయేముందు బొమ్మను పాత చీరముక్కలో చుట్టి ఉట్టి మీద పెట్టాను. ఎవరూ ముట్టుకోవద్దని నాయనమ్మతో ఒట్టు వేయించబోతే, నీ బొమ్మ నాకెందుకే అని కసిరింది. మేం అక్కడ నాలుగు రోజులు చిక్కుకుపోయాం.

తిరిగి వచ్చేసరికి తమ్ముడు వాకిట్లో కోడిపిల్లల వెంట పడుతున్నాడు. "అక్క అచ్చింది" అని కేక వేశాడు. వాడి మెడలో నల్లదారం, తాయెత్తు. సంతోషం కంటే ముందు నాకు బొమ్మ గుర్తొచ్చింది. లోపలికి పరుగెత్తి చూద్దును కదా, పాండా గోడకు ఆనుకొని కూర్చొని ఉంది. చెవులు బోడి. కాళ్ళు బోడి, చేతులు బోడి. కళ్ళచుట్టూ ఒక్క వెంట్రుక లేదు. కింద బూడిదరంగు గుడ్డ బయటపడి ఉంది. తెల్లవెంట్రుకలు మాత్రం ఒక్కటీ పోలేదు. ఎలుగు వెంట్రుక అంటే నల్లదే పనిచేస్తుంది, తెల్లది మేకకూ ఉంటుంది, ముసలివాళ్ళకూ ఉంటుంది. అందుకని ఏరి ఏరి నల్లవి పీకేశారు. పాండాలో పాండా అనదగ్గదంతా పోయింది. మిగిలింది ఏ జంతువో చెప్పడానికి లేకుండా ఉంది.

నాయనమ్మే మొదలుపెట్టిందట. నేను పోయిన మర్నాడే తమ్ముడు మరీ నీరసపడిపోతే, బొమ్మను ఉట్టి మీంచి దింపి, వాణ్ణి దాని మీద కూర్చోబెట్టి, పట్టుకొని వాకిలంతా తిప్పిందట. వాడు దాని మెడ పట్టుకొని వదల్లేదట. ఒక వెంట్రుక పీకి తాయెత్తు కట్టింది. సాయంత్రానికి వాడు అన్నం అడిగాడు. ఆ మాట పొక్కింది. పక్క వాకిలివాళ్ళు వచ్చారు, ఆ వెనక వీధివాళ్ళు. శేరిగూడ నుంచి కూడా ఒక తల్లి పిల్లను భుజానేసుకొని నడిచివచ్చింది. పిల్లను ఎత్తుకొని గుమ్మంలోకి వచ్చినదాన్ని వట్టి చేతులతో పంపడం మా నాయనమ్మ వల్ల ఎప్పుడూ కాలేదు.

నేను ఇల్లు పీకి పందిరేశాను. నా బతుకు నాశనం చేశావన్నాను. నాయనమ్మ నన్ను అరవనిచ్చి, అరవనిచ్చి, తమ్ముణ్ణి ఒళ్ళోకి లాక్కొని ఒకటే మాట అంది.

"వెంట్రుకలే గదనే పోయినయి. పిలగాడు మిగిలిండు. నువ్వు చెప్పినవు గద, గిది దేనికి భయపడదని."

నా కోత నాకే తగిలింది.

వాళ్ళు పెళ్ళి నుంచి వచ్చే రోజు దగ్గరపడింది. నేను ఆముదపు దీపం మసితో కాటుక పట్టి, బోడి అయినచోటల్లా రుద్దాను. కాస్త దూరం నుంచి చూస్తే ఫరవాలేదనిపించింది. దాన్ని మళ్ళీ చీరముక్కలో చుట్టుకొని వాళ్ళింటికి బయలుదేరితే నాయనమ్మ కూడా చెంగు సర్దుకొని వెంట వచ్చింది. వద్దని బతిమాలాను. "దొరసానికి దండం పెట్టొద్దా?" అంది.

నా స్నేహితురాలు తెల్లటి కొత్త బట్టల్లో పరుగెత్తుకొచ్చి బొమ్మను లాక్కొని గుండెకు హత్తుకుంది, చెంపకు ఆనించుకుంది. తీసి చూసేసరికి చెంప నల్లన, రొమ్మంతా నల్లన, చేతులు నల్లన. ఇల్లంతా ఆముదం వాసన. ఆ పిల్ల ఏడవలేదు. బొమ్మనూ నన్నూ మార్చి మార్చి చూసింది. పనిమనిషి ముందు నవ్వింది, తర్వాత మిగతావాళ్ళు. నేను నేలలోకి కుంగిపోయాను.

నాయనమ్మకు సిగ్గెక్కడిది? ముందుకు వచ్చి రెండు చేతులూ జోడించింది.

"దొరసానీ, మీ ఎలుగు మస్తు మంచిది. మా పిలగాడు బతికిండు. శేరిగూడ పోరి కూడ లేసి తిరుగుతున్నది. మీ పేరు చెప్పుకొని అందరు దీపాలు పెడుతున్నరు."

తహసీల్దారు భార్యకు తెలుగు రాదు. ఏమంటోందని నన్నడిగింది. అందరూ నా నోటివంకే చూస్తున్నారు. ఎలుగు వెంట్రుక, తాయెత్తు, బుగులు, ఇవన్నీ ఆ తివాచీ మీద నిలబడి ఉర్దూలో చెప్పాలంటే నాకు ప్రాణం పోయినట్టయింది. ఇలాంటి ముసలిదాని మనవరాలిని పట్నంలో పక్కన కూర్చోబెట్టుకుంటారా అనిపించింది. ఇంట్లో పిల్లలు ఆడుకుంటూ పాడుచేశారు, మా నాయనమ్మ మాఫీ అడుగుతోంది అని చెప్పాను. ఆమె కోప్పడలేదు. కోప్పడినా బాగుండేది. పోనీలే, పాపం ఊరివాళ్ళు, వస్తువు విలువ వాళ్ళకేం తెలుస్తుందని పనిమనిషితో అని, ఆ బొమ్మ మీరే ఉంచుకోండని చేతితో సైగ చేసింది. దొరసాని ఏమన్నదని నాయనమ్మ అడిగింది. సంతోషమన్నదని చెప్పాను. ఇటు మాట అటు, అటు మాట ఇటు, రెండు దిక్కులా అబద్ధమే. దారిపొడవునా నాయనమ్మ ఆ తల్లి చల్లగా ఉండాలని అంటూనే వచ్చింది. నేను నాలుగడుగులు ముందు నడిచాను.

బదిలీ రానే వచ్చింది. నన్నింక పిలవరనే అనుకున్నాను. నా బట్టలు సర్దలేదు. బాపు అడిగితే ఏదో చెప్పి తప్పించుకున్నాను. వాళ్ళు పోయే రోజు పొద్దున వాళ్ళింటి నుంచి పరదా కట్టిన బండి వచ్చి మా వాకిట్లో ఆగింది. చప్రాసి దిగి నన్ను పిలిచాడు. ఆ గొంతు వినగానే నేను జొన్నల గుమ్మి వెనక్కి దూరాను. ఎందుకు దూరానంటే చెప్పలేను, కాళ్ళే తీసుకుపోయాయి. సందులోంచి వాకిలి కనబడుతోంది, మాటలు వినబడుతున్నాయి.

చప్రాసి మా ఊరివాడే, నా స్నేహితురాలిని చిన్నబీబీ అనేవాడు. నాయనమ్మతో నవ్వుతూ చెబుతున్నాడు.

"పిల్లను జల్ది తయారుజెయ్యి అవ్వా. చిన్నబీబీ ఆ ఎలుగును గూడ తెమ్మన్నది. పోరగాండ్లు ఖరాబ్ జేసిన్రని మీ పిల్ల చెప్పిందట గద, నువ్వు మాఫీ అడిగినవని. గట్ల కాదమ్మా అని అసలు సంగతి నేనే చెప్పిన. మా పాండా ఇంతమంది పోరగాండ్లను బతికిచ్చిందా అని చిన్నబీబీ ఎగిరి గంతేసింది. బోడిదైనా అదే కావాల్నట."

లేచి పరుగెత్తుకుపోవలసింది. బండి ఎక్కవలసింది. బడి, పట్నం, నా బతుకంతా వాకిట్లో నిలబడి ఉంది. కానీ నేనబద్ధమాడానని వాళ్ళందరికీ తెలిసిపోయింది. అంతకంటే ఎక్కువగా, నాయనమ్మకు తెలిసిపోయింది. ఏ మొహం పెట్టుకొని బయటికి రాను? మోకాళ్ళ మీద తల పెట్టుకొని ఊపిరి బిగబట్టాను.

అమ్మ నన్ను పేరు పెట్టి పిలుస్తూ పెరటివైపు పోయింది. నాయనమ్మ నేరుగా గుమ్మి దగ్గరికి వచ్చింది, నేనెక్కడ దాక్కుంటానో ఆమెకు ఎప్పుడూ తెలుసు. వంగి నన్ను చూసింది. నేను తల అడ్డంగా ఊపాను. ఆమె బయటికి పోయి, పిల్ల లేదు, మేనత్త ఊరికి పోయింది, మీరు పోండ్రి అని చెప్పింది. జీవితంలో ఆమె అబద్ధమాడగా వినడం నాకు అదే మొదలు. చప్రాసి ఇంకాసేపు నిలబడ్డాడు. తర్వాత ఎడ్లను అదిలించిన చప్పుడయింది.

బండి చప్పుడు పోయాక ఆమె మళ్ళీ వచ్చి, ఆ ఇరుకులోనే, నా పక్కన నేల మీద చతికిలబడింది. ఊళ్ళో ఎవరికీ తలవంచని మనిషి, నా వంక చూడకుండా చెంగు కొస నలుపుతూ అడిగింది.

"నావల్ల నీ ఇజ్జత్ పోయిందా, బిడ్డా?"

లేదు నాయనమ్మా అంటే సరిపోయేది. ఆ ఒక్కమాట కోసమే ఆమె ఆగింది. నేను అనలేదు. ఆమె మెల్లగా లేచి, గోడ పట్టుకొని, లోపలికి పోయింది.